తాగనివారు కూడా వెళ్లదగిన వైన్ యాత్ర

తిరుపతిలోనూ చిత్తూరులోనూ పిల్లలను వైద్యవిద్య కోసం జార్జియాకు పంపిన కుటుంబాలు ఇప్పుడు వీధికొకటి కాకపోయినా పేటకొకటి కనిపిస్తాయి. అలా పంపిన తల్లిదండ్రులు చదువు మధ్యలోనో, పట్టా చేతికి వచ్చే వేళకో ఒకసారి ఆ దేశ రాజధాని టిబిలిసి వెళ్లి వస్తారు. వెళ్లినవారిలో ఎక్కువమంది నది మీది గాజు వంతెన ముందు ఫోటోలు దిగి, మిగిలిన సమయమంతా పిల్లల గదిలో పప్పూ చారూ వండిపెట్టి తిరుగు విమానం ఎక్కేస్తారు. నగరం, వైన్, ఇంటి వంట మూడింటినీ కలిపి గైడు వెంట ఉండి ఒకే రోజులో చూపించే యాత్రలు అక్కడ చాలా ఉన్నాయని తెలిసినా, 'మనం తాగేవాళ్లం కాదు, మాంసం ముట్టేవాళ్లం కాదు, మనకక్కడ ఏం పని' అని వాటిని పక్కన పెట్టేస్తారు. మా అమ్మాయి అక్కడ చదువుతున్నందువల్ల సెప్టెంబరు చివర నేనూ మా శ్రీమతీ వెళ్లాము, ఆ యాత్రకు కూడా ముగ్గురం కలిసి వెళ్లాము. ఈ మాట అనుకొని ఆగిపోయేవారికోసమే ఇది రాస్తున్నాను.

ఉదయం పూట నగరం. మ్త్క్వారి నది ఒడ్డున కొండ కొమ్ము మీద ఉన్న మెటెఖి చర్చి దగ్గర గైడు మమ్మల్ని కలుసుకున్నాడు. అయిదో శతాబ్దంలో ఈ నగరాన్ని స్థాపించాడని చెప్పుకునే వఖ్తాంగ్ గోర్గసాలి రాజు గుర్రమెక్కి ఉన్న విగ్రహం ఆ చర్చి పక్కనే ఉంటుంది. అక్కడినుంచి రీకే పార్కుకు నడిచి, 2012లో మొదలైన రోప్‌వే ఎక్కితే కొద్ది నిమిషాల్లో నది మీదుగా, పాతబస్తీ ఇళ్ల కప్పుల మీదుగా నారికలా కోట దగ్గరకు చేరతాము. పైనుంచి చూసినప్పుడు నా కళ్లు కోట గోడల మీద కంటే కింద ఇళ్ల పెరళ్ల మీద ఎక్కువ సేపు నిలిచాయి. ఎందుకంటే నగరం నడిబొడ్డున, చెక్క వసారాలున్న ఆ పాత ఇళ్లలో చాలావాటికి ముంగిట్లోనో డాబా మీదో ద్రాక్ష పందిరి ఉంది.

కోట పక్కనే కొండ అంచున 'కార్ట్‌లిస్ దేడా' అనే 20 మీటర్ల ఎత్తు విగ్రహం ఉంది. నగరానికి 1500 ఏళ్లు నిండిన సందర్భంగా 1958లో నిలిపిన ఈ జార్జియా తల్లిని చెక్కినవాడు ఎల్గుజా అమాషుకేలి. ఆమె కుడిచేతిలో కత్తి, ఎడమచేతిలో వైన్ పాత్ర ఉంటాయి: శత్రువుగా వచ్చేవాడికి మొదటిది, అతిథిగా వచ్చేవాడికి రెండోది. గైడు ఈ మాట రోజూ చెప్పి చెప్పి అలిసిపోయినట్లుగా చెప్పాడు కానీ, మధ్యాహ్నం మేము వెళ్లబోయే ఇంటికి ముందుమాట అదే.

కిందకు దిగితే గంధకపు నీటి స్నానశాలలున్న అబనోతుబని పేట వస్తుంది. నేలలోంచి వేడిగా ఉబికి వచ్చే నీటి మీద కట్టిన ఈ స్నానపు గదులు భూమట్టానికి దిగువన ఉంటాయి, వాటి ఇటుక గుమ్మటాలు మాత్రమే బయటికి కనిపిస్తాయి. గంధకం వాసన మా శ్రీమతికి పడలేదు, అందువల్ల లోపలికి వెళ్లలేదు. ఆ వెనుక వాగు దారిలోని చిన్న జలపాతం, షియాలూ సున్నీలూ కలిసి నమాజు చేసే మసీదు, కాస్త దూరంలో యూదుల ప్రార్థనాలయం వరుసగా చూశాము. ఇవన్నీ గైడు లేకుండా నడిచి చూడగలిగినవే.

ఉదయం చూసినవాటిలో నేను ఎక్కువ విలువ ఇచ్చేది సియోని చర్చిలోని శిలువకు. నాలుగో శతాబ్దంలో నేటి టర్కీలోని కప్పడోకియా ప్రాంతంనుంచి వచ్చి ఈ దేశానికి క్రైస్తవాన్ని బోధించిన నినో అనే సాధ్వి, రెండు ద్రాక్ష కొమ్మలను తన తలవెంట్రుకలతో కట్టి ఆ శిలువను చేసిందని వారి నమ్మకం. ఎండిన తీగతో చేసింది కాబట్టి దాని అడ్డకొమ్మ రెండు చివరలూ కిందకు వాలి ఉంటాయి. జార్జియా శిలువను మిగతా దేశాల శిలువలనుంచి వేరుచేసే గుర్తు ఆ వాలే. తమ మతానికి మొదటి గుర్తే ద్రాక్ష తీగ అయిన చోట వైన్‌ను ఉత్త మత్తు పానీయంగా లెక్కగట్టడం కుదరదని నాకు అక్కడే అనిపించింది. చర్చిలోకి వెళ్లే ఆడవారు తల కప్పుకోవాలి, మగవారు నిక్కర్లు వేసుకొని వెళ్లకూడదు. చీర కొంగు ఉన్నవారికి దీనివల్ల ఇబ్బందేమీ లేదు.

తర్వాత తూర్పు వైపు కఖేతి ప్రాంతానికి బయలుదేరాము. దేశంలోని ద్రాక్ష తోటల్లో ఎక్కువ భాగం కఖేతిలోనే ఉంది. దారిలో డ్రైవరు ఒక దుకాణం ముందు ఆపి, చుర్చ్‌ఖేలా దండలు కొనుక్కోమన్నాడు. అక్రోటు పప్పులను దారానికి గుచ్చి, పిండి కలిపి చిక్కబడేదాకా కాచిన ద్రాక్షరసంలో మళ్లీ మళ్లీ ముంచి ఆరబెట్టిన తినుబండారం ఇది. గుడ్డు, పాలు, చక్కెర ఏవీ లేనిది, చాలాకాలం నిలవ ఉండేది కనుక మన ఊరికి తెచ్చుకోవడానికి ఇంతకంటే మంచి వస్తువు ఆ దేశంలో లేదని నా అభిప్రాయం. అయితే ఆ దుకాణం ధర నగరంలోని బజారు ధరకంటే బాగా ఎక్కువ. డ్రైవరుకూ దుకాణానికీ ఉన్న చుట్టరికం ఏ దేశంలోనైనా ఒకటే కాబట్టి మేము కొనకుండా చూసి కారెక్కాము.

గంట ప్రయాణం తర్వాత చేరిన ఇంట్లో భార్యాభర్తలు, పెళ్లికాని కొడుకు, భర్త తల్లి అయిన పెద్దావిడ ఉన్నారు. ఇంటి వెనుక అయిదారు ఎకరాల తోట ఉంది. అది కోతల కాలం, వారి భాషలో ర్త్‌వేలి. బంధువులంతా వచ్చి గెలలు కోసి బుట్టల్లో తెచ్చి వసారాలో పోస్తున్నారు. ఇంటిని ఆనుకొని 'మరాని' అనే చల్లటి గది ఉంది. తలుపు తీయగానే గదిలో పీపాలూ సీసాలూ ఉంటాయనుకున్నవారికి నేల మీద గుండ్రటి మూతలు తప్ప మరేమీ కనిపించవు. వైన్ అంతా నేల కిందనే ఉంటుంది.

రాయలసీమ పల్లెల్లో ధాన్యం దాచే పాతరలు చూసినవారికి ఆ ఏర్పాటు వెంటనే అర్థమవుతుంది: మూతి ఇరుకు, పొట్ట వెడల్పు, చుట్టూ మట్టి. తేడా ఏమిటంటే ఇక్కడ గుంతలో క్వెవ్రి అనే కాల్చిన మట్టిబాన ఉంటుంది. కొన్ని చిన్నవి, కొన్ని వేల లీటర్లు పట్టేవి. కుమ్మరి మట్టిని తాళ్లుగా చుట్టి వరుస మీద వరుస పేరుస్తూ, కింది వరుస ఆరేదాకా ఆగుతూ వారాల తరబడి దీన్ని లేపుతాడు. కాల్చిన తర్వాత ఇంకా వెచ్చగా ఉండగానే లోపల తేనెమైనం పూస్తారు, దానితో మట్టిలోని సన్నటి రంధ్రాలు పూడుకుంటాయి. ఒకసారి పాతిపెట్టిన బానను మళ్లీ పైకి తీయరు. చిన్నదైతే పొడవాటి కర్రకు కట్టిన చెర్రీ చెట్టు బెరడు కుంచెతో తోముతారు, పెద్దదైతే మనిషే లోపలికి దిగి కడుగుతాడు.

కఖేతి పద్ధతిలో ద్రాక్షను తొక్కి రసం ఒక్కటే తీసుకోరు. తొక్కలు, గింజలు, పండిన తొడిమలు అన్నీ రసంతోపాటు బానలోకి పోతాయి. తొక్కల మీద సహజంగా ఉండే ఈస్టుతోనే రసం పులుస్తుంది, బయటినుంచి ఏమీ కలపరు. ఇంటాయన ఒక మూత తీశాడు. వంగి చూస్తే పైన ముదురు తొక్కల తెట్టు గట్టిగా పేరుకొని ఉంది, దాని కిందనుంచి సన్నటి బుసబుస వినిపిస్తోంది. చివర అడ్డచెక్క బిగించిన పొడవాటి కర్రతో ఆయన ఆ తెట్టును లోపలికి నొక్కగానే పగుళ్లలోంచి గులాబి రంగు నురగ పొంగి మూతి దాకా వచ్చి దిగిపోయింది. రోజుకు మూడు నాలుగు సార్లు ఇలా నొక్కకపోతే పైన తేలిన తొక్కలు ఎండి పులుపెక్కిపోతాయి. నేను ఇంకా వంగి వాసన చూడబోతుంటే ఆయన నా భుజం పట్టి వెనక్కి లాగాడు. పులిసేటప్పుడు వెలువడే కార్బన్ డయాక్సైడ్ గాలికంటే బరువైనది కాబట్టి బాన మూతి దగ్గరా, గాలి ఆడని గది నేల మట్టంలోనూ పేరుకుంటుంది. సరిగా గాలి తగలని మరానిలో అది ప్రాణాపాయమే.

పులవడం ఆగాక మూత పెట్టి మట్టితో బిగిస్తే తెల్ల ద్రాక్ష రసం తొక్కలతోనే అయిదారు నెలలు భూమి చల్లదనంలో ఉంటుంది. బాన అడుగు కొసదేరి ఉంటుంది కాబట్టి గింజలూ మడ్డీ ఆ కొసలోకి దిగిపోతాయి, వడబోయకుండానే పైన తేట మిగులుతుంది. వసంతంలో తీసేసరికి ఆ రంగు తేనె రంగుకూ నారింజ రంగుకూ మధ్య ఉంటుంది. కిందటేడు ర్కాత్సితెలి రకం ద్రాక్షతో చేసినదాన్ని ఒక చిన్న మట్టిగిన్నెలో పోసి నా చేతికిచ్చారు. "ఏమండీ, చూడడానికి వచ్చారా, తాగడానికి వచ్చారా?" అని మా శ్రీమతి తెలుగులో అడిగింది. అతిథి పాత్ర తిప్పి పంపకూడదని చెప్పి రెండు గుక్కలు రుచి చూశాను. తీపి అసలు లేదు. మొదట పులుపు, వెనుకనుంచి నాలుక పట్టేసే వగరు. ఆ వగరంతా తొక్కలనుంచీ గింజలనుంచీ వచ్చినదే. దుకాణాల్లో దొరికే తియ్యటి ఎర్ర వైన్ అనుకొని నోట్లో పోసుకునేవారికి ఇది నచ్చకపోవచ్చు.

ఈ పని ఎంత పాతదో 2017లో ప్రచురితమైన ఒక పరిశోధనతో తేలింది. టిబిలిసికి దక్షిణంగా దాదాపు 50 కిలోమీటర్ల దూరంలో ఉన్న గదాచ్రిలి గోరా, షులావేరిస్ గోరా అనే దిబ్బల్లో దొరికిన కుండపెంకులకు ద్రాక్షలో ఉండే టార్టారిక్ ఆమ్లపు జాడలు అంటుకొని ఉన్నాయి. వాటి కాలం సుమారు క్రీ.పూ. 6000. అంతకుముందు ఇరాన్‌లోని హాజీ ఫిరూజ్ తెపేలో దొరికినదే వైన్‌కు అతి పాత ఆధారమని అనుకునేవారు. 2013లో క్వెవ్రి వైన్ తయారీని యునెస్కో మానవాళి వారసత్వపు జాబితాలో చేర్చింది.

నన్ను ఎక్కువ ఆలోచింపజేసినది మాత్రం ఇంటాయన చెప్పిన ఇటీవలి కథ. 2006లో రష్యా జార్జియా వైన్ దిగుమతిని నిషేధించింది. అప్పటివరకు ఎగుమతుల్లో సింహభాగం రష్యాకే వెళ్లేది కాబట్టి ఒక్కసారిగా రైతుల గెలలను అడిగేవాడు లేకుండా పోయాడు. 2013లో నిషేధం తొలగేలోపు అక్కడివారు వేరే దేశాలను వెతుక్కున్నారు, ఆ దేశాలవారు అడిగిన వాటిలో పెద్ద ఫ్యాక్టరీ సీసాలతోపాటు ఈ మట్టిబాన వైన్ కూడా ఉంది. ఆ మాట వింటూ నేను చిత్తూరు తోతాపురి మామిడి గురించే తలచుకున్నాను. గుజ్జు ఫ్యాక్టరీల గేటు ముందు ట్రాక్టర్ల బారులు, 2025లో ధర పడిపోయి కిలోకు 12 రూపాయలు ఇప్పించడానికి అందులో 4 రూపాయలు ప్రభుత్వమే భరించవలసి రావడం మనకు తెలిసినదే. కొనేవాడు ఒక్కడే అయినచోట పండించినవాడి గతి ఏ దేశంలోనూ వేరుగా లేదు. ఆ ఇంటివారు కనీసం తమ పంటలో ఒక భాగాన్ని తామే సరుకుగా మార్చి, తమ వసారాలోనే అమ్ముకోగలుగుతున్నారు.

ఇక వంటిల్లు. మేము శాకాహారులమని యాత్ర ఏర్పాటు చేసినవారికి ముందే రాసి, సరేనన్న జవాబు కూడా తీసుకున్నాము. కానీ ఆ సంగతి ఇంటివారికి ఎవరూ చెప్పలేదు. బల్ల మీద అప్పటికే కోడిమాంసం ముక్కలు ఉప్పు పట్టించి ఉన్నాయి. గైడు ముఖం చిన్నబోయింది గాని పెద్దావిడ ఏమాత్రం కంగారుపడలేదు. "సమార్ఖ్వో" అని ఒక్క మాట అని, మాంసం గిన్నె తీసి లోపల పెట్టేసింది. ఉపవాస దినాల్లో తినదగిన వంటను వారు అలా పిలుస్తారు: మాంసం, పాలు, గుడ్లు ఏవీ ఉండవు. బుధ, శుక్రవారాలు, ఈస్టరుకు ముందు వారాలు, నవంబరు 28 నుంచి జనవరి 6 వరకు ఇలా ఎన్నో రోజులు ఆ నియమం పాటించే ఇళ్లు ఉన్నందువల్ల, కూరగాయలతో అక్రోటుతో చేసే వంటల పద్దు వారి దగ్గర చాలా పెద్దది.

అక్రోట్లు పొడి చేయడానికి ఆవిడ చేతితో తిప్పే మర బల్లకు బిగించింది. అది మాంసం కొట్టే మర కూడా అని మా అమ్మాయి చూసి చెప్పగానే మా శ్రీమతి ఆగిపోయింది. ఆవిడ విషయం గ్రహించి నవ్వి, అలమర పైనుంచి ఒక రాతి రోలు దింపి మా శ్రీమతి చేతికే రోకలి ఇచ్చింది. అక్రోటు పప్పు, వెల్లుల్లి, ఉప్పు, ధనియాల పొడి, ఉత్స్‌ఖో సునేలి అనే నీలిమెంతి పొడి, ఎండబెట్టిన బంతి రేకుల పొడి వేసి మెత్తగా నూరాక, ఆ ముద్దను పెద్దావిడ తన అరచేతిలోకి తీసుకొని వేళ్లు ముడిచి గట్టిగా పిండింది. మణికట్టు మీదుగా లేత ఆకుపచ్చ నూనె చుక్కలు చుక్కలుగా గిన్నెలోకి కారింది. ఆ నూనెను విడిగా దాచి, వడ్డించేటప్పుడు మీద చిలకరిస్తారు. ముద్దలో కాస్త వెనిగర్ కలిపి, పొడవుగా పలుచగా కోసి వేయించిన వంకాయ రేకుల మీద పూసి చాప చుట్టినట్టు చుట్టి, దానిమ్మ గింజలు చల్లితే బద్రిజాని తయారు. అదే ముద్దను ఉడికించి పిండేసిన పాలకూరలోనూ, తురిమిన బీట్‌రూట్‌లోనూ కలిపి ఉండలు చేస్తే ఫ్ఖలి. మట్టిపిడతలో రాజ్మా, ఉల్లి, కొత్తిమీరలతో ఉడికిన లోబియో, పక్కన పెనం మీద కాల్చిన మొక్కజొన్న రొట్టె.

ఒకరి భాష ఒకరికి రాకపోయినా ఆ ఇద్దరూ గైడును పక్కకు నెట్టేసి పని చేసుకున్నారు. కారం సరిపోలేదని మా శ్రీమతి సైగ చేస్తే ఆవిడ అజికా అనే ఎర్ర మిరపకాయల పచ్చడి సీసా తెచ్చి ముందు పెట్టింది. చీజ్ పెట్టి కాల్చే ఖచపురి చేయడం కూడా నేర్పారు. దీనిలో మాంసం లేకపోయినా, సంప్రదాయ పద్ధతిలో పాలను విరిచి గట్టిపరచడానికి దూడ పొట్టనుంచి తీసిన పదార్థం వాడతారు కాబట్టి గట్టి నియమం ఉన్నవారు దీన్ని వదులుకోవాలి. మా ఇంట్లో ఒకరు తిన్నారు, ఒకరు తినలేదు.

భోజనం దగ్గర కొడుకు 'తమడా' అయ్యాడు, అంటే వరుసగా ఒక్కొక్క తలపు మీద మాట్లాడి గ్లాసు ఎత్తించే పెద్ద. శాంతికి, దేశానికి, గతించినవారికి, తల్లిదండ్రులకు, అతిథులకు అంటూ సాగుతుంది. మధ్యలో ఎవరికి వారు తాగడం మర్యాద కాదు, ప్రతి గుక్కకూ ముందు ఒక మాట ఉండాలి. గతించినవారి వంతు వచ్చినప్పుడు మా అమ్మ పేరు అడిగి, దాన్ని తన నాలుకకు తిరిగినంతవరకు పలికాడు. మా శ్రీమతీ అమ్మాయీ పండ్లు ఉడికించి చేసిన కంపోత్ గ్లాసులు ఎత్తారు, ఎవరూ అభ్యంతరం చెప్పలేదు. తాగడానికి ఇన్ని హద్దులు పెట్టిన బల్ల నేను ఇంతవరకు చూడలేదు.

వెళ్లాలనుకునేవారికి నా సలహా ఇది. కఖేతిలోని సిఘ్నాఘి, తెలావి పట్టణాలు, బోద్‌బే మఠం, వైన్ ఫ్యాక్టరీలు అన్నీ ఒకే రోజులో చూపిస్తామనే యాత్రలు వద్దు, వాటిలో రోజంతా కారులోనే గడుస్తుంది. సిఘ్నాఘి ఒక్కటే టిబిలిసికి 110 కిలోమీటర్ల దూరం. ఒక ఇల్లు, ఒక మరాని, ఒక వంటిల్లు ఉన్నదాన్ని ఎంచుకోండి. సెప్టెంబరు చివరనుంచి అక్టోబరు మధ్యలోపు వెళ్తే కోతలు కనిపిస్తాయి. 'శాకాహారం' అని రాసి ఊరుకోకుండా 'సమార్ఖ్వో' అని రాయండి, చేప కూడా వద్దని విడిగా చెప్పండి, ఎందుకంటే కొన్ని ఉపవాస దినాల్లో వారికి చేప చెల్లుతుంది.

తిరుపతి వచ్చాక మా శ్రీమతి ఆ వంకాయ వంటను చెనిగ్గింజలతో చేసి చూసింది. నీలిమెంతి పొడి అక్కడినుంచే తెచ్చుకున్నాము. చెనిగ్గింజలు వేయించి నూరితే ఊరుబిండి రుచే వచ్చి మెంతి వాసనను మింగేసింది. నానబెట్టి పచ్చిగా నూరినప్పుడు మాత్రం దగ్గరకు వచ్చింది, కానీ ఎంత పిండినా చేతిలోంచి నూనె రాలేదు.

వైన్ సీసా తెచ్చుకోదలచినవారికి మన కస్టమ్స్ నియమాల ప్రకారం మనిషికి రెండు లీటర్ల వరకు సుంకం లేదు. అయితే చెన్నైలో విమానం దిగి, మొక్కు తీర్చుకోవడానికి నేరుగా కొండకు వెళ్లేవారు ఆ సీసాను ముందు ఇంట్లో దించి వెళ్లాలి, అలిపిరి తనిఖీ దగ్గర మట్టిబాన వారసత్వం గురించి వినేవారెవరూ ఉండరు.